చేయి తిరిగేదెలా?

చొక్కా గుండీ పెట్టుకోవడం, ఈత కొట్టడం, ముగ్గు వేయడం, సూదిలో దారం ఎక్కించడం, వీణ మీటడం. ఇవన్నీ ఒకప్పుడు రానివే, తర్వాత వచ్చినవే. వచ్చినప్పుడు ఒంట్లో ఏదో మారింది. ఆ మార్పు కండరాల్లో జరిగిందని చాలామంది అనుకుంటారు. చేతికి అలవాటైంది, కాలికి గుర్తుంది అంటారు. సాధన వల్ల కండరానికి బలం పెరుగుతుంది, త్వరగా అలిసిపోకుండా ఉంటుంది, అంతవరకే. ఏ కండరం ఎప్పుడు ఎంత బిగవాలి, ఎప్పుడు సడలాలి అన్న లెక్కంతా నాడీమండలంలో, ముఖ్యంగా మెదడులో ఉంటుంది. రోజూ కుడిచేత్తో సంతకం పెట్టే మనిషి కాలి బొటనవేలితో ఇసుకలో అదే సంతకం గీస్తే వంకరటింకరగా వస్తుంది గానీ పోలిక మాత్రం ఇట్టే తెలిసిపోతుంది. కాలి కండరాలు ఆ సంతకాన్ని ఏనాడూ సాధన చేసినవి కావు.

ఈ జ్ఞాపకం మాటల్లో పట్టుబడదు. సైకిల్ పడిపోకుండా ఎలా నిలుపుతున్నావని తొక్కేవాణ్ణి అడిగితే ‘బ్యాలెన్స్ చేస్తున్నా’ అంటాడు. బండి ఎటు ఒరిగితే హ్యాండిల్‌ను అటే కాస్త తిప్పి, చక్రాలను మళ్ళీ తన బరువు కిందికి తెచ్చుకుంటున్నానని చెప్పలేడు. తాను ఆ పని చేస్తున్నట్టు అతనికే తెలియదు. అమెరికాలోని వాండర్‌బిల్ట్ విశ్వవిద్యాలయంలో సగటున నిమిషానికి 70కి పైగా మాటలు టైపు చేయగలిగిన వాళ్ళకు ఖాళీ కీబోర్డు బొమ్మ ఇచ్చి, ఏ అక్షరం ఎక్కడుంటుందో రాయమన్నారు. 2014లో ప్రచురించిన ఫలితాల ప్రకారం 26 ఇంగ్లిష్ అక్షరాల్లో వాళ్ళు సరిగ్గా పెట్టగలిగినవి సగటున 15. టైపు ఇన్‌స్టిట్యూట్లలో లోయర్, హయ్యర్ పాసైన పాతతరం గుమాస్తాలను అడిగినా అంతే. వేళ్ళను గాలిలో ఆడించి చూసుకుంటే తప్ప సమాధానం రాదు.

మాటల్లో చెప్పగలిగే జ్ఞాపకానికీ చేతికి వచ్చిన విద్యకూ మెదడులో వేర్వేరు ఏర్పాట్లు ఉన్నాయని బయటపడింది ఒక రోగి వల్ల. అమెరికాలోని కనెక్టికట్ రాష్ట్రానికి చెందిన హెన్రీ మొలైసన్ 1926లో పుట్టాడు. చిన్నతనంలోనే మూర్ఛలు మొదలయ్యాయి. పెద్దయ్యేసరికి అవి ఉద్యోగం చేసుకోనివ్వనంతగా ముదిరాయి. 1953లో, అతని 27వ ఏట, హార్ట్‌ఫర్డ్‌లో విలియం స్కోవిల్ అనే సర్జన్ మెదడుకు రెండు పక్కలా కణతల వెనక లోపలగా ఉండే భాగాన్ని, దానితోపాటు హిప్పోకాంపస్‌ అనే భాగంలో చాలా మేరను తీసేశాడు. మూర్ఛలు బాగా తగ్గాయి. కానీ అప్పటి నుంచి కొత్త సంగతి ఏదీ అతని మనసులో నిలవలేదు. ఇప్పుడే మాట్లాడి వెళ్ళిన మనిషి కాసేపాగి తిరిగొస్తే కొత్తవాళ్ళను చూసినట్టు చూసేవాడు.

మాంట్రియల్‌లో పనిచేసే మనస్తత్వ శాస్త్రవేత్త బ్రెండా మిల్నర్ అతనికి ఒక పని పెట్టింది. కాగితం మీద జంట గీతలతో ఒక నక్షత్రం బొమ్మ ఉంటుంది. ఆ రెండు గీతల మధ్య సందులో, గీతలను తాకకుండా, పెన్సిల్ నడపాలి. అయితే చేయి నేరుగా కనబడకుండా అడ్డు పెడతారు. అద్దంలో చూసుకుంటూనే గీయాలి. ఇంట్లో చేసి చూస్తే ఇందులోని చిక్కు తెలుస్తుంది. తిన్నటి గీత వరకు ఎలాగో నడుస్తుంది. మూల రాగానే పెన్సిల్ మొండికేస్తుంది. పైకి పోవాలనుకుంటే కిందికి పోతుంది, సరిచేయబోతే ఇంకా దూరం పోతుంది. మొలైసన్ మూడు రోజులు, రోజుకు పదిసార్లు చొప్పున గీశాడు. రోజు రోజుకూ తప్పులు తగ్గాయి. మూడో రోజు మొదటిసారి నుంచే దాదాపు శుభ్రంగా గీశాడు. ఆ బొమ్మను అంతకుముందు చూసినట్టు మాత్రం అతనికి గుర్తు లేదు. 2008లో చనిపోయేదాకా వైద్య గ్రంథాల్లో అతను ‘హెచ్.ఎం.’ అనే రెండక్షరాలుగానే ఉన్నాడు.

మామూలు మనుషుల్లో ఈ రెండు ఏర్పాట్లూ కలిసే పనిచేస్తాయి. నేర్చుకునే తొలి రోజుల్లో మాటల పెత్తనం ఎక్కువ. గేర్ల బండి నేర్చుకునే కుర్రాడు లోలోపల పాఠం అప్పజెప్పుకుంటూనే ఉంటాడు: క్లచ్ పట్టు, గేరు వెయ్యి, యాక్సిలరేటర్ ఇస్తూ క్లచ్ మెల్లగా వదులు. ఒక్కటి ముందువెనకలైతే బండి ఒక్క కుదుపు కుదిపి ఆగిపోతుంది. కొన్నాళ్ళకు మాటలు తగ్గి, పొరపాట్లు సన్నబడతాయి. ఇంకొన్నాళ్ళకు వెనక కూర్చున్నవాడితో సినిమా కబుర్లు చెబుతూ గేర్లు మారుస్తాడు. అమెరికన్ శాస్త్రవేత్తలు పాల్ ఫిట్స్, మైకేల్ పోస్నర్ 1967లో వెలువడిన తమ పుస్తకంలో ఈ మూడు దశలనూ వివరించారు. నేటికీ చాలా పాఠ్యపుస్తకాలు అదే వరస చెబుతున్నాయి. ఒక దశ ముగిసి మరోటి మొదలయ్యే సరిహద్దు మాత్రం ఎవరికీ కచ్చితంగా దొరకదు.

మెరుగుదల ఎప్పుడూ ఒకే జోరున సాగదు. మొదట్లో గబగబా, తర్వాత నెమ్మదిగా, ఆపైన కంటికి ఆననంత నెమ్మదిగా సాగుతుంది. అయినా పూర్తిగా ఆగదు. బ్రిటన్‌కు చెందిన క్రాస్‌మన్ 1959లో చుట్టల ఫ్యాక్టరీలో పనిచేసే ఆడవాళ్ళ వేగాన్ని లెక్కగట్టాడు. లక్షల కొద్దీ చుట్టలు చుట్టినవారి చేయి కూడా ఇంకా కొద్దికొద్దిగా వేగం పుంజుకుంటూనే ఉంది. చివరికి వాళ్ళ వేగానికి హద్దు పెట్టింది వాళ్ళు వాడే యంత్రం. అంతకు అరవై ఏళ్ళ ముందు, 1897లోనూ 1899లోనూ, ఇండియానాలో బ్రయాన్, హార్టర్ అనే ఇద్దరు టెలిగ్రాఫ్ నేర్చుకునేవాళ్ళను పరిశీలించి ఇంకో సంగతి పట్టుకున్నారు. సందేశం అందుకోవడంలో కొందరు కొన్ని వారాలు ఒకే చోట నిలిచిపోయేవాళ్ళు, తర్వాత హఠాత్తుగా వేగం పెరిగేది. విడి అక్షరాలుగా వింటున్న చెవి మాటలను మాటలుగా, ఆపైన వాక్యాలుగా పట్టుకోవడం మొదలుపెట్టేసరికి ఆ పెరుగుదల వచ్చేదని వారి వివరణ. ఇలా నిలిచిపోవడం అందరికీ తప్పనిసరేమీ కాదని తర్వాతి పరిశోధకులు తేల్చారు. చిన్న ముక్కలు కలిసి పెద్ద ముక్కలవుతాయన్న మాట మాత్రం నిలిచింది. కూచిపూడి నేర్పే గురువులు అడవులనే మూల కదలికలను విడివిడిగా మూడు కాలాల్లో నలిగేదాకా చేయించి ఆ తర్వాతే జతుల్లో గుచ్చుతారు. అక్కడా జరిగేది ఇదే.

ముక్కలు కలుస్తాయన్నాం కదా అని, చేయి తిరిగినవాడు ప్రతిసారీ ఒకే కదలికను అచ్చుగుద్దినట్టు చేస్తాడనుకుంటే పొరపాటు. రష్యన్ శాస్త్రవేత్త నికొలాయ్ బెర్న్‌స్టెయిన్ 1920లలో మాస్కోలోని కేంద్ర కార్మిక సంస్థలో అనుభవజ్ఞులైన పనివాళ్ళ సుత్తి దెబ్బలను పరిశీలించాడు. భుజం, మోచేయి, మణికట్టు దగ్గర చిన్న చిన్న బల్బులు కట్టి, అవి చీకట్లో గీసే వెలుగు దారులను ఫొటోలు తీశాడు. సుత్తి ప్రతిసారీ ఉలి తలమీదే పడుతోంది. అక్కడికి చేరడానికి భుజం, మోచేయి పట్టిన దారులు మాత్రం ప్రతి దెబ్బకూ తేడాగా ఉన్నాయి. భుజం కాస్త ఎక్కువ కదిలితే ఆ తేడాను మోచేయి సర్దేస్తోంది.

మనిషి చేయి భుజం నుంచి మణికట్టు వరకు ఏడు రకాలుగా కదలగలదు: భుజం దగ్గర మూడు, మోచేతి దగ్గర ఒకటి, ముంజేయి తిరగడం ఒకటి, మణికట్టు దగ్గర రెండు. ఒక గ్లాసు అందుకోవడానికే లెక్కలేనన్ని దారులున్నాయన్నమాట. ఇన్నింటిని ఒకేసారి అదుపు చేయలేక కొత్తవాడు కొన్ని కీళ్ళను బిగబట్టేస్తాడు. ఈత నేర్చుకునేవాడు కర్రలా బిగుసుకుపోవడం, మొదటిసారి రాకెట్ పట్టినవాడు మణికట్టు కదపకుండా చేయంతా ఊపడం ఇందుకే. ఒడుపు తెలిసేకొద్దీ ఆ కీళ్ళు ఒక్కొక్కటిగా వదులవుతాయి. బాగా ముదిరిన పనివాడు శరీరం విసురును కూడా వాడుకుంటాడు. కాబట్టే కొత్తవాడి కంటే తక్కువ అలుస్తాడు. సాధన అంటే ఒక కదలికను మళ్ళీ మళ్ళీ చేయడమని కాక, ఒక సమస్యను ప్రతిసారీ కొత్తగా తేల్చుకోవడమని బెర్న్‌స్టెయిన్ అనేవాడు. కదలికల శాస్త్రంలో ఇంతకంటే పనికొచ్చే ఆలోచన ఇంకొకటి కనబడదు.

సుత్తి దెబ్బకు తీరిక ఉంది. కొన్ని పనులకు అదీ ఉండదు. గంటకు 140 కిలోమీటర్ల వేగంతో వదిలిన క్రికెట్ బంతి సుమారు అర సెకనులో బ్యాటు దగ్గరికి వస్తుంది. కంటికి కనబడిన మార్పుకు తగ్గట్టు చేతి కదలికను దిద్దుకోవడానికే సెకనులో పదో వంతు నుంచి ఐదో వంతు దాకా పడుతుంది. బంతినే చివరిదాకా చూస్తూ దాన్ని బట్టి బ్యాటు కదపడం కుదిరే పని కాదు. మైకేల్ లాండ్, పీటర్ మెక్‌లాయిడ్ 2000లో బ్యాట్స్‌మన్ల చూపును కెమెరాతో పట్టి చూశారు. బౌలర్ చేతిలోంచి బంతి వదలగానే కాసేపు దాన్ని చూసి, అది పిచ్ అయ్యే చోటికి కళ్ళు ముందే దూకుతున్నాయి. మేటి ఆటగాడి కళ్ళు మిగతావారికంటే తొందరగా దూకాయి. జరగబోయేది ముందే లెక్కగట్టడం ఇక్కడ ప్రాణప్రదం. ఇంట్లో దీన్ని చూడాలంటే బిందె చాలు. నిండుగా ఉందనుకుని ఖాళీ బిందెను ఎత్తితే అది చేతితోపాటు జివ్వున పైకి లేస్తుంది. ఎత్తకముందే మెదడు దాని బరువును ఊహించి, సరిపడా బలాన్ని సిద్ధం చేసేసింది.

ఊహ తప్పిన ప్రతిసారీ మెదడు ఆ తేడాను లెక్కలోకి తీసుకుని తర్వాతి ప్రయత్నాన్ని సరిదిద్దుతుంది. దీన్ని పరీక్షించడానికి పాత పద్ధతి ఒకటుంది. చూపును ఒక పక్కకు జరిపే పట్టకపు అద్దాల కళ్ళజోడు పెట్టి, ఎదురుగా ఉన్న గురి మీదికి బంతి విసరమంటారు. మొదటి బంతులు పక్కకు పోతాయి. పదో ఇరవయ్యో విసిరేసరికి గురి కుదురుతుంది. అప్పుడు కళ్ళజోడు తీసేస్తే తమాషా మొదలవుతుంది. చూపు బాగానే ఉన్నా బంతులు ఈసారి రెండో పక్కకు పోతాయి. ‘అద్దాలు తీసేశారు’ అని మనిషికి తెలుసు, ఆ తెలివిడి చేతికి చేరదు. చేయి మళ్ళీ తప్పులు చేసే సరిపడాలి. 1996లో అమెరికాలోని సెయింట్ లూయీ పరిశోధకులు చిన్నమెదడు దెబ్బతిన్న రోగులకు ఇదే పరీక్ష పెట్టారు. వారిలో చాలామంది ఎన్ని బంతులు విసిరినా సర్దుకోలేకపోయారు. అద్దాలు తీశాక వెనకటి ప్రభావమూ కనబడలేదు.

తల వెనక అడుగున, పెద్దమెదడు కింద ఒదిగి ఉండే చిన్నమెదడుకు ఆ పేరు పరిమాణాన్ని బట్టి వచ్చిందే. అయినా మనిషి మెదడులోని దాదాపు 8,600 కోట్ల నాడీకణాల్లో ఇంచుమించు 6,900 కోట్లు దానిలోనే కిక్కిరిసి ఉన్నాయి. పొరపాటు జరిగిందన్న సంకేతం వచ్చినప్పుడు అక్కడ కొన్ని నాడీకణాల మధ్య లంకె బలం మారుతుందని, నేర్చుకోవడమంటే అదేనని డేవిడ్ మార్ 1969లోనూ, జేమ్స్ ఆల్బస్ 1971లోనూ ఊహించారు. అటువంటి మార్పు నిజంగానే జరుగుతుందని 1980లలో జపాన్ శాస్త్రవేత్త మసావో ఇటో చూపించాడు.

పెద్దమెదడు లోతుల్లో బేసల్ గాంగ్లియా అనే నాడీకణాల గుంపు ఒకటుంది. పని ఫలించినప్పుడు విడుదలయ్యే డోపమిన్ అనే రసాయనం ఇక్కడ ముఖ్యం. ఏ కదలిక కలిసొచ్చిందో దాన్ని మళ్ళీ చేయడానికి మొగ్గు పెంచడం, వరసగా వచ్చే కదలికలను ఒకే మూటగా కట్టి ఉంచడం దీని పనులు. పార్కిన్సన్ జబ్బులో డోపమిన్ తయారుచేసే కణాలు నశిస్తాయి. అప్పుడు ఏళ్ళ తరబడి ఆలోచన లేకుండా జరిగిపోయిన నడక కూడా అడుగడుగునా ధ్యాస పెట్టాల్సిన పనవుతుంది. అలాంటి రోగి గడప దగ్గర కాలు కదలక నిలబడిపోతే, నేల మీద అడ్డంగా గీతలు గీసి వాటిని దాటమంటే చాలాసార్లు అడుగు పడుతుంది. తనంతట తానుగా జరిగే దారి మూసుకుపోయినా, కంటితో చూసి చేసే దారి ఇంకా తెరిచే ఉందన్నమాట.

సాధన మెదడు రూపునే కొంత మారుస్తుంది. వయొలిన్ వంటి తంత్రీవాద్యాలు వాయించేవాళ్ళలో ఎడమచేతి వేళ్ళ స్పర్శకు మెదడులో కేటాయించిన చోటు మామూలువారికంటే పెద్దదని 1995లో జర్మనీ శాస్త్రవేత్తలు తేల్చారు. అదే దేశంలో 2004లో మూడు నెలలపాటు బంతుల గారడీ నేర్చుకున్నవారి మెదళ్ళను స్కాన్ చేస్తే, కదిలే వస్తువులను చూసే భాగాల్లో బూడిదరంగు పదార్థం పెరిగినట్టు కనబడింది. సాధన మానేసిన మూడు నెలలకు ఆ పెరుగుదల చాలావరకు తగ్గింది. ఊరికే ఊహించుకున్నా కొంత మార్పు వస్తుంది. అల్వారో పాస్కువల్-లియోన్ బృందం 1995లో కొందరికి ఐదు రోజులు పియానో మీద ఒక వరస వాయింపజేసి, ఇంకొందరిని వాయిస్తున్నట్టు మనసులో అనుకోమంది. మెదడులో వేళ్ళను కదిలించే ప్రాంతం రెండు గుంపుల్లోనూ విస్తరించింది. వాయించడంలో ఊహించుకున్నవాళ్ళు కాస్త వెనకబడ్డారు, కానీ ఒక్కసారి పియానో ముందు కూర్చుని సాధన చేశాక అందుకున్నారు.

వాయిద్యం పక్కన పెట్టి లేచిపోయాక కూడా నేర్చుకోవడం ఆగదు. ఈ రంగంలో గత ముప్ఫై ఏళ్ళలో బాగా వెలుగు పడిన చోటు ఇదే. అమెరికాలోని ఎం.ఐ.టి.లో, చేతిని ఒక పక్కకు నెట్టే రోబో పిడిని పట్టుకుని తిన్నగా గీత గీయడం కొందరికి నేర్పారు. ఆ వెంటనే రెండో పక్కకు నెట్టే పిడితో ఇంకో పాఠం చెబితే మొదటిది చెరిగిపోయింది. రెండు పాఠాల మధ్య నాలుగు గంటలు ఎడం ఇస్తే మొదటిది చెక్కుచెదరలేదు. 1996లో వెలువడిన ఈ ఫలితం, కొత్తగా నేర్చిన కదలిక ఆరి గట్టిపడడానికి కొంత వ్యవధి కావాలని చెప్పింది. నిద్ర పాత్ర ఇంకో అడుగు ముందుకు. వేళ్ళతో ఒక అంకెల వరసను వేగంగా కొట్టడం నేర్చుకున్నవారు రాత్రి నిద్రపోయి లేచాక, మధ్యలో సాధన ఏమీ లేకుండానే, సుమారు 20 శాతం వేగం పుంజుకున్నారని మాథ్యూ వాకర్ బృందం 2002లో ప్రకటించింది. నిన్నటి అలసట తీరడం వల్లే అందులో కొంత భాగం వచ్చి ఉండవచ్చని తర్వాత వాదనలు లేచాయి, అవి ఇంకా తెగలేదు. పరీక్ష ముందురోజు రాత్రంతా మేలుకొని మృదంగం సాధన చేయడం మాత్రం ఏ లెక్కన చూసినా నష్టమే.

సాధన చేస్తున్నప్పుడు కనబడే పనితనానికీ, నాలుగు రోజుల తర్వాత చేతిలో మిగిలేదానికీ చాలా తేడా ఉంది. నేర్పేవాళ్ళు, నేర్చుకునేవాళ్ళు ఎక్కువగా మోసపోయేది ఇక్కడే. బ్రిటిష్ పోస్టాఫీసు తన ఉద్యోగులకు టైపు నేర్పాల్సి వచ్చినప్పుడు అలన్ బాడ్లీ, లాంగ్‌మన్ వాళ్ళను గుంపులుగా చేసి చూశారు. 1978లో వచ్చిన ఫలితాల్లో, రోజుకు ఒక్క గంటే కూర్చున్నవాళ్ళు తక్కువ గంటల్లో నేర్చుకున్నారు. రోజుకు రెండేసి గంటలు రెండు పూటలా కూర్చున్నవాళ్ళకు ఎక్కువ గంటలు పట్టాయి. కానీ తమ శిక్షణ పట్ల అసంతృప్తి ఎక్కువగా ఉన్నది ఆ ఒక్క గంట వాళ్ళకే. రోజుల లెక్కన తాము వెనకబడ్డట్టు వాళ్ళకు అనిపించింది మరి.

సాధనను ఎలా కలగలపాలన్నదీ ఇలాంటిదే. మూడు రకాల కదలికలు నేర్పాలంటే ఒకటి పూర్తయ్యాక ఇంకొకటి నేర్పడమే సులువని అందరికీ తోస్తుంది. జాన్ షే, రాబిన్ మోర్గన్ 1979లో కొందరికి అలాగే నేర్పి, ఇంకొందరికి మూడింటినీ కలగాపులగంగా ఇచ్చారు. సాధన సాగినంతసేపూ మొదటివాళ్ళే ముందున్నారు. పది రోజుల తర్వాత పిలిచి పరీక్షిస్తే రెండోవాళ్ళు ముందుకొచ్చారు. అంతకు ఏడాది ముందు కెర్, బూత్ అనే ఇద్దరు ఎనిమిదేళ్ళ పిల్లలతో చేసిన ప్రయోగం ఇంకా చిత్రమైనది. కొందరు పిల్లలు గింజల సంచిని మూడడుగుల దూరంలోని గురి మీదికే విసిరారు. ఇంకొందరు రెండడుగులకూ నాలుగడుగులకూ విసిరారే తప్ప మూడడుగుల జోలికి పోలేదు. చివర్లో అందరినీ మూడడుగులకు విసరమంటే రెండో గుంపే నెగ్గింది. దూరానికీ విసురుకూ ఉండే సంబంధం వాళ్ళకు ఒంటబట్టింది. లైసెన్సు పరీక్ష కోసం ‘8’ ట్రాక్ మీదే పదేపదే బండి తిప్పించి పంపే శిక్షణ వల్ల ‘8’ వస్తుంది, పరీక్షా పాసవుతారు. గుంతలున్న సందులో ఎదురుగా ఆటో వచ్చినప్పుడు కావలసిన ఒడుపు దానితో వస్తుందనుకోవడానికి ఆధారం తక్కువ.

తప్పొప్పులు ఎంత తరచుగా చెప్పాలన్న విషయంలోనూ లోకానుభవం ఒకటి చెబుతుంది, ప్రయోగాలు ఇంకొకటి చెబుతాయి. ప్రతి ప్రయత్నానికీ ‘కాస్త ఎడమకు, కాస్త నెమ్మదిగా’ అని చెప్పించుకున్నవాళ్ళు అప్పటికి బాగా చేస్తారు. కరోలీ విన్‌స్టీన్, రిచర్డ్ ష్మిట్ 1990లో చూపినట్టు, సగం సార్లే చెప్పించుకున్నవాళ్ళకు మర్నాటికి ఎక్కువ మిగిలింది. అడగ్గానే సమాధానం దొరికేచోట తన తప్పును తానే పసిగట్టే పని మెదడు చేయదు. పలక మీద పంతులు రాసిన అక్షరంపైనే పిల్లలచేత బలపంతో దిద్దించే అలవాటును ఈ కళ్ళతో చూడవచ్చు. మొదట నాలుగు సార్లు అది దారి చూపుతుంది. ‘అ’ గీత లావెక్కి పలకంతా తెల్లబడేదాకా దిద్దిస్తే పిల్లవాడి చూపు గీత వెంటే నడుస్తుంది, చేయి అక్షరాన్ని తయారుచేయదు. దాన్ని చెరిపి, పక్కన ఖాళీ జాగాలో సొంతంగా రాయించాలి. వంకరగా వచ్చినా సరే.

ధ్యాస ఎక్కడ ఉంచాలన్నది ఇంకో సంగతి. గాబ్రియేల్ వుల్ఫ్ 1998లో ప్రచురించిన ప్రయోగాల్లో, మంచుజారుడు సాధన యంత్రం మీద నిలబడినవారిలో కొందరిని తమ పాదాల ఒత్తిడి మీద, ఇంకొందరిని పాదాల కింద ఉన్న చక్రాల మీద మనసు పెట్టమన్నారు. చక్రాల మీద పెట్టినవాళ్ళే బాగా నేర్చుకున్నారు. తర్వాత ఎన్నో ఆటల్లో ఇలాంటి ఫలితాలే వచ్చాయి. మోచేయి ఎంత వంగిందో చూసుకునేవాడికంటే షటిల్ ఎక్కడ పడాలో చూసుకునేవాడిదే పైచేయి. పదిమంది ముందు తడబడడానికి కారణం కూడా ఇక్కడే ఉంది. బాగా వచ్చిన పనిలోకి మాటలు మళ్ళీ చొరబడి, ముక్కలు ముక్కలుగా అజమాయిషీ మొదలుపెడతాయి. ఇది అనుభవజ్ఞులకు పట్టుకునే జబ్బు. కొత్తవాడు ఎలాగూ మాటలతోనే నడుస్తున్నాడు కాబట్టి అతనికి దీనివల్ల పెద్దగా పోయేదేమీ లేదు.

నేర్చుకున్నది ఎన్నాళ్ళు నిలుస్తుందంటే, పనిని బట్టి ఉంటుంది. ఈత, సైకిల్, వాహనం నడపడం వంటి ఎడతెగని కదలికలు గట్టివి. ఫ్లైష్‌మన్, పార్కర్ 1962లో విమానం నడపడాన్ని పోలిన ఒక పనిని కొందరికి బాగా నేర్పి, రెండేళ్ళ దాకా దాని జోలికి పోనివ్వకుండా ఉంచి పరీక్షించారు. పోయింది స్వల్పం, పోయినదీ కొద్దిపాటి సాధనతో తిరిగొచ్చింది. వరస తప్పకుండా చేయాల్సిన పనులు ఇందుకు భిన్నం. గుండె ఆగినవారికి చేసే సీపీఆర్ శిక్షణ పొందినవాళ్ళు కూడా మూడు నుంచి ఆరు నెలల్లో చాలా అంశాలు మరిచిపోతారు.  గట్టిగా పాతుకుపోయిన అలవాటును మార్చడం కొత్తది నేర్చుకోవడం కన్నా కష్టం. అమెరికన్ ఇంజనీరు డెస్టిన్ శాండ్లిన్ హ్యాండిల్ కుడికి తిప్పితే చక్రం ఎడమకు తిరిగే సైకిల్ మీద రోజూ సాధన చేసి, దాన్ని తొక్కడానికి ఎనిమిది నెలలు తీసుకున్నాడు. 2015లో ఆ సంగతిని వీడియోగా పెట్టాడు. అతని చిన్న కొడుకుకు రెండు వారాలు చాలాయి. పాత విద్య ఎంత ముదిరితే కొత్తదానికి అంత అడ్డం వస్తుంది.

ఈ పరిజ్ఞానమంతా ఎక్కువగా అక్కరకొచ్చేది పక్షవాతం వచ్చినవారికి. పడిపోయిన చేత్తో ఒకటి రెండుసార్లు ప్రయత్నించి, కుదరక, రోగి మంచి చేతికే అన్ని పనులూ అప్పగిస్తాడు. ఇంట్లోవాళ్ళు జాలితో మిగతావి తామే చేసిపెడతారు. దాంతో ఎంతో కొంత కదలగలిగిన చేయి కూడా వాడకం లేక మూలన పడుతుంది. ఎడ్వర్డ్ టాబ్ అనే శాస్త్రవేత్త దీన్ని తిరగేశాడు. మంచి చేతికి దళసరి తొడుగు తొడిగి, బలహీనమైన చేత్తోనే పని చేయించాడు. అమెరికాలో 222 మంది రోగులతో జరిగి 2006లో ఫలితాలు వెలువడిన పరీక్షలో, మెలకువగా ఉన్న వేళల్లో చాలాభాగం ఆ తొడుగు వేసి రెండు వారాలు గట్టిగా శిక్షణ ఇస్తే, మామూలు వైద్యం అందుకున్నవారికంటే చేయి బాగా వాడుకలోకి వచ్చింది. ఏడాది తర్వాత కూడా ఆ తేడా నిలిచింది. మణికట్టూ వేళ్ళూ కొంతైనా వెనక్కి వంచగలిగినవారికే ఈ పద్ధతి పనికొస్తుంది.

ఎంత సాధన కావాలన్న ప్రశ్నకు జంతువుల మీద జరిగిన ప్రయోగాలు రోజుకు వందల సార్లు అంటాయి. అమెరికా, కెనడాల్లో పునరావాస కేంద్రాలను గమనించిన కేథరిన్ లాంగ్ బృందం 2009లో లెక్కగడితే, ఒక్కో శిక్షణ వేళలో రోగి బలహీనమైన చేత్తో ఏదో ఒక ప్రయోజనం కోసం చేసిన కదలికలు సగటున 32 మాత్రమే. అందుకే ఇప్పుడు ఫిజియోథెరపిస్టులు ఊరికే చేయి ఎత్తి దించమనడం తగ్గించి, గ్లాసు అందుకోవడం, ముద్ద కలపడం, తలుపు గడియ తీయడం వంటి అసలు పనులనే, ఎత్తూ దూరమూ మారుస్తూ, రోజంతా విడతలు విడతలుగా ఇంటి దగ్గరే చేయమంటున్నారు. కోలుకోవడం మొదటి మూడు నెలల్లో ఎక్కువ జోరుగా ఉంటుంది. ఆ తర్వాత నెమ్మదిస్తుంది గానీ, సాధన సాగించినవారికి ఏళ్ళు గడిచాక కూడా మెరుగుదల కనబడుతోంది.